మామకు వినిపించని మోత

పిండి మిషనుకు లైసెన్సు ఇవ్వకూడదని మా వీధివాళ్లు పంచాయతీ బోర్డుకు పెట్టుకున్న అర్జీ రాసింది నేనే. మాటలు మా మామవి, చేతిరాత నాది, కింద సంతకాలు పద్దెనిమిది మంది ఇంటి పెద్దలవి. అందులో మూడో పేరా నాకు ఇప్పటికీ పొల్లుపోకుండా గుర్తుంది. "మా వీధి తెల్లవారుజామున చీమ చిటుక్కుమన్ననూ వినిపించునంత ప్రశాంతముగా నుండును. సదరు యంత్రము వలన ఆ ప్రశాంతత సమూలముగా నశించును." ఆ వాక్యం రాసేటప్పుడు నా మోచేతుల దాకా రాగిపిండి అంటుకుని ఉంది. మూడున్నరకు ఇసుర్రాయి ముందు కూర్చున్నదాన్ని, రాగులన్నీ పిండి చేసి అప్పుడే లేచి వచ్చాను. మామ "ప్రశాంతముగా" అన్నప్పుడు ఒకసారి తలెత్తి ఆయన ముఖం చూశాను. ఆయన హాస్యమాడటం లేదు. మామ హాస్యమాడే మనిషే కాదు.

మదనపల్లెలో మాకు బెల్లం మండీ ఉండేది. మామకు వ్యాపారం మీద ఎంత శ్రద్ధో అర్జీల మీద అంతకు రెండింతలు. ఊళ్లో అందరూ ఆయన్ను కోర్టు పక్షి అనేవాళ్లు. ఆ మాట చెవిన పడినా ఆయన కోపగించుకునేవాడు కాదు, ఎవరో ఒకరు గట్టిగా నిలబడకపోతే ఊరేమైపోతుంది అనేవాడు. పొద్దున్నే కాఫీ తాగి, పంచాయతీ ఆఫీసు దాకా నడిచి, అక్కడ నోటీసు పలక మీద అంటించిన కాగితాలన్నీ చదివి వచ్చేవాడు. ఎవరు కాఫీ హోటలు పెడతామన్నా, రేకు డబ్బాలు చేసే కొట్టం తెరుస్తామన్నా, జట్కాలు నిలుపుకోవడానికి చోటు అడిగినా, అభ్యంతరం చెప్పడానికి గడువెంతుందో చూసుకుని మరీ ఇంటికొచ్చేవాడు. కాఫీ హోటలు మీద అర్జీ పెట్టి ఓడిపోయాడు. జట్కాల మీద గెలిచాడు. ఆ గెలుపు పుణ్యమా అని మా అత్త ఆసుపత్రికి పోవాలంటే జట్కా కోసం రెండు వీధులు నడవాల్సి వచ్చేది.

నాది పుంగనూరు. అక్కడే ఎనిమిదో తరగతి దాకా చదివాను. పెళ్లిచూపులకు వచ్చినప్పుడు మామ నన్ను పాట పాడమనలేదు, కాగితమూ కలమూ ఇచ్చి నాలుగు వాక్యాలు రాయమన్నాడు. అక్షరాలు చూసి అక్కడికక్కడే సరేనన్నాడు. ఆయనకు కావాల్సింది కోడలా, గుమాస్తానా అని మా నాన్నకు అనుమానం వచ్చిందట. నా భర్త కుప్పంలో, రైలు స్టేషను దగ్గర ఒక చింతపండు మండీలో పనిచేసేవాడు. ఒకే గదిలో ముగ్గురు మగవాళ్లు వండుకు తినే బతుకు. నెలకొకసారి మదనపల్లెకు వచ్చి రెండు పొద్దులుండి పోయేవాడు. నాకు అక్కడ బడిలో పని దొరికితే ఇద్దరం ఒక ఇల్లు తీసుకోవచ్చునని మా ఆశ. కుప్పం చుట్టుపక్కల పల్లెల్లో ఆడపిల్లలకు చదువు చెప్పే పంతులమ్మలు చాలడం లేదని ఆయన ప్రతి ఉత్తరంలోనూ రాసేవాడు. పంతులమ్మ కావాలంటే టీచర్ ట్రైనింగు కావాలి. ట్రైనింగు బడి మదనపల్లెలోనే, మా ఇంటి నుంచి నడిచిపోయే దూరంలో ఉంది. చదువుకోవద్దని నాతో ఎవరూ అనలేదు. మామకు నా అక్షరాలంటే గర్వం. అత్త అయితే, "ఇంట్లో పిండి తగ్గకుండా సూసుకుంటే సాలు, పోయిరా," అంది.

ఆ పిండి దగ్గరే వచ్చింది చిక్కంతా. మామ, అత్త, మామ వాళ్లమ్మ, వయసుకొచ్చిన ముగ్గురు మరుదులు, మండీలో పనిచేసే ఇద్దరు, నేను. తొమ్మిది మందికి రెండు పూటలా సంగటే. యుద్ధంలో బియ్యం రేషనయ్యాక సంగట్లో బియ్యం తగ్గిపోయి రాగిపిండి పెరిగింది. అత్తకు కుడి భుజం పట్టేసి చెయ్యి పైకి లేచేది కాదు. ఇసుర్రాయి వీధి గదిలో, తిన్నె గోడకు ఆనించి ఉండేది. గోడకు అవతల, వీధి వైపు ఉన్న ఆ తిన్నె అరుగు మీదే మామ పడక. రాయికీ ఆయన తలకూ మధ్య రెండడుగుల దూరం కూడా లేదు. మా వీధిలో పద్దెనిమిది ఇళ్లు ఒకదాన్నొకటి ఆనుకుని ఉండేవి, ప్రతి ఇంట్లోనూ రాయి ఆ చోటే. పక్కింటికీ మాకూ గోడ ఒకటే కాబట్టి ఈవల నేను, ఆవల పక్కింటి వదిన ఒకే వేళకు కూర్చుని, కబుర్లు చెప్పుకుంటూ తిప్పేవాళ్లం. ఎవరి రాయి ఆగినా రెండోవాళ్లు, "ఏమ్మా, నిద్రపోయినావా?" అని గోడ తట్టేవాళ్లు.

అంతకు ముందు ఏడాది జూన్‌లో ట్రైనింగులో చేరాను. మూడింటికి లేచి రాగులు ఇసరడం, ఆ తర్వాత కసువు చిమ్మడం, నీళ్లు తోడటం, సంగటి కెలకడం, ఎనిమిదింటికి క్లాసు. ఆరు వారాలు లాగాను. ఒకరోజు నల్లబల్ల ముందు సుద్దముక్క పట్టుకుని నిలబడి అలాగే నిద్రపోయి పడిపోయాను. పెద్ద టీచరమ్మ మంచి మనిషి, తిట్టలేదు. "ఇప్పుడు ఇంటికి పోమ్మా. వచ్చే జూన్ దాకా నీ సీటు ఉంచుతాను. అప్పుడు కూడా ఇట్లనే అయితే ఇంకొకరికి ఇచ్చేస్తాను," అంది. ఇంటికొచ్చి రాయి ముందు కూర్చుని ఏడ్చాను. కన్నీళ్లు పడి పిండి తడుస్తుందని మళ్లీ నేనే కళ్లు తుడుచుకున్నాను.

ఆ చలికాలంలోనే మిలిటరీ ఆయన వచ్చాడు. వీధిలో అందరూ ఆయన్ను అలాగే పిలిచేవాళ్లు. యుద్ధంలో లారీల ఇంజన్లు బాగుచేసే పని చేసి తిరిగొచ్చిన మనిషి. వాళ్లు క్రైస్తవులు. వాళ్లమ్మ మిషన్ ఆసుపత్రిలో ఆయా. మా ఇంటి ఎదురు సందులో ఉన్న పాత బండ్ల కొట్టం బాడుగకు తీసుకుని, పిండి మిషను పెడతానని బోర్డుకు దరఖాస్తు చేసుకున్నాడు. బెంగళూరులో ఒక పాత ఇంజను కొని, కుప్పం దాకా రైల్లో తెచ్చి, అక్కడి నుంచి పలమనేరు మీదుగా ఎద్దుల బండిలో తోలుకొచ్చాడు. పుంగనూరులో ఇరుసు విరిగి, ఆ బండి ఒక రోజంతా మా పుట్టింటి వీధిలోనే ఆగిపోయిందట. మా నాన్న ఉత్తరం రాశాడు. "మీ వీధికి పోయే ఇంజనొకటి నిన్న మన వాకిట్లో ఉండింది. మీ అమ్మ దాని చుట్టూ తిరిగి చూసి, ఇది నాలుగేళ్ల ముందే పోయుంటే పాప చేతులు బాగుండేవి అనింది." ఆ ఉత్తరం నేను ఎవరికీ చూపించలేదు. జాకెట్లో పెట్టుకుని తిరిగాను.

నోటీసు పలక మీద కాగితం పడిన మరుసటి పొద్దే మామ నన్ను కలం తీసుకురమ్మన్నాడు. అర్జీలో మూడు కారణాలు రాయించాడు. ఒకటి, మోత. రెండు, పొగ. మూడు, అదురుకు మట్టి గోడలు పగులుతాయని. రాయించని కారణం ఇంకొకటి ఉంది. అది వీధిలో మగవాళ్లందరికీ తెలుసు, తిన్నెల మీద గొంతు తగ్గించి చెప్పుకునేవాళ్లు. అందరి గింజలూ ఒకే రాయిలో పోస్తే ఎవరి మైల ఎవరికి అంటుతుందో అని, ఆ పిండి ఎత్తి ఇచ్చేది ఎవరి చేతులో చూడమని. మామ కూడా ఆ మాట అన్నాడు. నాకు ఆయన మీద గౌరవం తగ్గిన రోజు అదొక్కటే.

బోర్డు ప్రెసిడెంటు రెండు వైపులా విని లైసెన్సు ఇచ్చేశాడు. మామ ఊరుకుంటాడా? మునసబు కోర్టులో దావా వేశాడు. విచారణ తేలేదాకా ఇంజను నడపకూడదని తాత్కాలిక ఉత్తర్వు తెచ్చాడు. కొట్టానికి తాళం పడింది. మిలిటరీ ఆయన మాత్రం రోజూ పొద్దున్నే వచ్చి, తాళం తీసి, ఇంజనుకు నూనె పెట్టి, గుడ్డతో తుడిచి, మళ్లీ తాళం వేసుకుని పోయేవాడు. ఎవరితోనూ ఒక్క మాట మాట్లాడేవాడు కాదు. నేను కిటికీలోంచి చూసేదాన్ని. వాయిదా పడిన ప్రతిసారీ జూన్‌కు ఇంకెన్ని నెలలుందో వేళ్ల మీద చూసుకునేదాన్ని. ఆ వాయిదాల కాగితాలు కూడా నేనే రాసేదాన్ని. ఏదో ఒకటి తప్పు రాసిపెట్టరాదా అంది పక్కింటి వదిన. అక్షరాలు చెడగొడితే మామ కనిపెట్టేస్తాడు, వాదన చెడగొట్టేంత చట్టం నాకు రాదు. పైగా మామకు ఎదురు చెప్పే అలవాటు నాకు లేదు. లోపల మాత్రం కోపం మండేది. రాత్రీ పగలూ మండేది.

ఏప్రిల్‌లో కోర్టువారు ఒక కుర్ర వకీలును కమిషనరుగా వేశారు. ఆయన వీధికొచ్చి, స్వయంగా చూసి, రిపోర్టు ఇవ్వాలి. ఆయన ఎప్పుడు రావాలో, ఏమేం చూడాలో కోరుతూ మామ ఒక మెమో రాయించాడు. తెల్లవారుజామున నాలుగున్నరకు రావాలి. ముందు వీధి ఎంత ప్రశాంతంగా ఉంటుందో చూడాలి. తిన్నె మీద ఇత్తడి చెంబు నిండా నీళ్లు పెట్టి, ఆ నీళ్లు కదలకుండా ఉన్నాయని రాసుకోవాలి. ఆ తర్వాత ఇంజను తిప్పించి, అదే చెంబులో నీళ్లు ఎలా వణుకుతాయో చూడాలి. చెంబు ఉపాయం మామ సొంతం. దాని మీద ఆయనకు చాలా మోజు, రాయిస్తూనే రెండుసార్లు మీసం దువ్వుకున్నాడు.

నాలుగున్నర అన్న మాట దగ్గర నా చెయ్యి ఆగిపోయింది.

"యాల ఆపినావు మ్మా?" అన్నాడు మామ.

"సిరా గడ్డకట్టింది మామా," అన్నాను.

చెప్పాలా వద్దా అని రెండు రోజులు కొట్టుమిట్టాడాను. నాలుగున్నరకు మా వీధిలో పద్దెనిమిది రాళ్లు తిరుగుతుంటాయి. ఆ సంగతి మామకు గుర్తు చేస్తే ఆయన గెలుస్తాడు, చెప్పకపోతే ఇంటి కోడలిని అయ్యుండి ఆయన్ను నలుగురిలో తలవంచుకునేలా చేసినదాన్నవుతాను. చివరికి అత్తతో చెప్పాను. అత్త చింతపండు పిసుకుతూ విని, చేతులు కడుక్కుని వచ్చి నా పక్కన కూర్చుంది.

"నువ్వేమీ సెప్పొద్దు, ఏమీ దాయొద్దు. రోజూ ఏం సేస్తావో ఆ పొద్దు కూడా అదే సెయ్యి," అంది. "ముప్పై ఏండ్లు నేను ఇసిరినా ఆ గోడ పక్కన. ఆయన ఒక్కనాడు లేచి, ఏమే అలిసిపోయినావా అని అడగలా. సెవుడు లేదు ఆయనకు. అలవాటయిపోయింది, అంతే."

కమిషనరు వచ్చే ముందు రోజు మామ వీధంతా తిరిగాడు. పాలవాణ్ణి ఆలస్యంగా రమ్మన్నాడు. రేకు కొట్టేవాణ్ణి బతిమాలాడు. కుక్కలను కట్టేయించాడు. ఎద్దుల మెడల్లో గంటలు విప్పించాడు. ఆడవాళ్లకు మాత్రం ఏమీ చెప్పలేదు, చెప్పాలని ఆయనకు తోచనే లేదు. మీదు మిక్కిలి రాత్రి భోంచేస్తూ, "రేపు ఆ కమిషనరాయనకీ సాక్షులకీ ఈడ్నే భోజనం. సంగటి ఎక్కువ సెయ్యండి," అన్నాడు. అందుకని నేను మరుసటి పొద్దు మూడింటికే కూర్చున్నాను.

నాకు అంతా కిటికీలోంచి వినిపించింది, సగం కనిపించింది కూడా. లాంతరు పట్టుకున్న బంట్రోతుతో కమిషనరు వచ్చాడు. తిన్నె ముందు మామ, ఇంకా పదిమంది పెద్దలు శుభ్రమైన పంచెలు కట్టుకుని నిలబడి ఉన్నారు. మిలిటరీ ఆయన కొంచెం దూరంగా ఒక్కడే ఉన్నాడు. తిన్నె మీద తళతళలాడుతూ చెంబు. అత్త ముందు రోజే దాన్ని చింతపండుతో తోమిపెట్టింది.

కమిషనరు వస్తూనే, "ఇంజను అప్పుడే స్టార్టు చేసినారా? నేను చెప్పేదాకా తియ్యొద్దని కదా ఆర్డరు," అన్నాడు.

"లేదు సార్. తాళం సెవి ఇదో, నా సేతిలోనే ఉండాది," అన్నాడు మిలిటరీ ఆయన.

"మరి ఈ మోత యాడిది?"

"ఏ మోత?" అన్నాడు మామ.

అది నటన కాదు, ఒట్టేసి చెప్పగలను. మామ నిజంగానే అటూ ఇటూ చూశాడు. కమిషనరు ఆయన్ను వింతగా చూసి, "వీధిలోకి తిరిగినప్పట్నుంచీ వింటాండాను. గరగరమని ఒకటే మోత. మీకు వినపడలేదా?" అన్నాడు. మామ చెవి రిక్కించి కాసేపు నిలబడ్డాడు. మిగతా పెద్దలు కూడా నిలబడ్డారు. అప్పుడు మామ ముఖం మెల్లగా మారింది.

"అదా సార్," అన్నాడు. "ఆడోళ్లు ఇసరతాండారు. అది మోతెట్లవుతాది?"

కమిషనరు లాంతరు తీసుకుని చెంబు మీదికి వంగాడు. నీళ్లలో సన్నని అలలు అంచు నుంచి నడిమికి, నడిమి నుంచి అంచుకు పోతూనే ఉన్నాయి. ఆయన గోడ మీద అరచెయ్యి పెట్టి చూశాడు. "లోపల ఉన్నామెను ఒక్క నిమిషం ఆపమనండి," అన్నాడు. మామ కిటికీ వైపు తిరిగి, "మ్మా, ఆపు," అన్నాడు. ఆపాను. గోడ అవతలి నుంచి వదిన గట్టిగా తట్టి, "ఏమ్మా, నిద్రపోయినావా?" అంది. బంట్రోతు కిసుక్కున నవ్వాడు. చెంబులో నీళ్లు నిలకడకొచ్చాయి. మళ్లీ తిప్పమన్నారు, తిప్పాను, మళ్లీ వణికాయి. మామ ఉపాయం నిజంగా మంచిది. అది ఏ అదురునైనా పట్టిచ్చేది.

అప్పుడు కమిషనరు గడప దాకా వచ్చి నిలబడి నన్నే అడిగాడు.

"ఎప్పుడు మొదలుపెట్టినారమ్మా?"

"ఈ పొద్దు మూడుకు సార్. రోజూ అయితే మూడున్నరకు."

"ఎప్పటిదాకా?"

"తెల్లారేదాకా."

"పెండ్లయి ఎన్నేండ్లయింది? ఎప్పుడైనా మానినారా?"

"నాలుగేండ్లు సార్. మా ఆడబిడ్డ పెండ్లి నాడు మానినాను. ఆ పొద్దు వంటోళ్లు ఇసిరినారు."

ఆయన అన్నీ రాసుకుంటున్నాడు. నేను మామ వైపు చూశాను. మామ చెంబు వైపు చూస్తున్నాడు. కమిషనరు తలెత్తకుండానే, "మిషనొస్తే మీకు అభ్యంతరమా?" అన్నాడు. అవునంటే నా సీటు పోతుంది, కాదంటే ఈ ఇల్లు.

"అర్జీలో ప్రతి అక్షరం నా సేతిరాతే సార్," అన్నాను. "మాట మాత్రం ఇంతవరకూ నన్నెవరూ అడగలేదు."

కమిషనరు ఆ మాట కూడా రాసుకున్నాడు.

తర్వాత ఇంజను తిప్పారు. ఉన్నమాట చెప్పాలి, అది మహా మోత చేసింది. గొట్టంలోంచి నల్లటి పొగ వచ్చి మామ వాళ్లమ్మ దగ్గుతూ లోపలికి పోయింది. చెంబులో నీళ్లు అప్పుడూ వణికాయి, కొట్టం దూరం కాబట్టి నా రాయికి వణికినంత కాదు. పొగ చూసి మామకు కొంచెం ప్రాణం లేచొచ్చింది, కమిషనరు చేత దాన్ని రాయించాడు. మధ్యాహ్నం అందరూ సంగటి తిన్నారు. మామ సగం ముద్ద వదిలేసి లేచిపోయాడు.

మూడు రోజులు మామ నాతో మాట్లాడలేదు. కాగితం తెమ్మనలేదు, కలం తెమ్మనలేదు. నన్ను పుంగనూరుకు పంపించేస్తాడనే అనుకున్నాను, పెట్టెలో చీరలు కూడా సర్దుకున్నాను. తప్పు చేశానన్న బాధ ఒక పక్క, తప్పేముందన్న పంతం ఒక పక్క. అయినా పొద్దున మూడున్నరకు రాయి ముందు కూర్చుంటూనే ఉన్నాను. అవతల తిన్నె మీద మామ అటూ ఇటూ పొర్లడం వినిపించేది. అంతకు ముందు ఎప్పుడూ ఆ వేళకు ఆయన మేలుకుని ఉండటం నేనెరగను. ఆయనకిక వినిపిస్తోందని నాకు అర్థమైంది. వినడం మొదలయ్యాక మానడం కుదరదు.

నాలుగో రోజు పొద్దున నన్ను పిలిచాడు. "కాగితం, కలం తీసుకురా మ్మా. రాజీ రాయాల," అన్నాడు. కూర్చున్నాను. ఆయన గొంతు సవరించుకుని, "ముందు నువ్వు సెప్పు. మిషను ఎప్పటి నుంచి ఎప్పటిదాకా తిప్పితే మీకు సరిపోతాది?" అన్నాడు. నేను నోరు తెరిచే లోపలే వంటింట్లోంచి అత్తే చెప్పింది, పొద్దు పొడిచినప్పటి నుంచి దీపాలు పెట్టేదాకా చాలునని.

ఆ తర్వాత మామ మామూలు మామ అయిపోయాడు. షరతులు చెప్పడంలో ఆయన్ను మించినవాళ్లు లేరు. పొద్దు పొడవక ముందు ఇంజను తిప్పరాదు. పొగ గొట్టం ఇంటి కప్పుల కన్నా ఎత్తు లేపాలి. మోత తగ్గడానికి గొట్టం మొదలు రాళ్లు నింపిన గుంతలో పాతిపెట్టాలి. మిరపకాయలు ఆడిన రాయిలో వెంటనే రాగులు ఆడరాదు. ఈ చివరిది అత్త చెప్పింది. అయిదో షరతుకు మామ గొంతు తగ్గింది. "ఎవరి పిండి వాళ్లే ఎత్తుకోవలెను. యజమాని చెయ్యి తగలరాదు." నేను రాశాను, రాయక తప్పలేదు.

అత్త వంటింటి గడప దగ్గరికి వచ్చి నిలబడింది. "నీ సిన్న కొడుకు పుట్టినప్పుడు మొదట ఎత్తుకునింది ఆ మిలిటరీ అబ్బి వాళ్లమ్మ సేతులే. ఆసుపత్రిలో నేను సచ్చి బతికిన పొద్దు. అప్పుడు బిడ్డకు అంటని మైల ఇప్పుడు పిండికి అంటుతాదా?" అంది.

మామ ఎప్పుడూ వాదనకు వాదన చెప్పే మనిషి. ఆ పొద్దు మాత్రం అయిదో షరతు మీద వేలు పెట్టి, "అది కొట్టెయ్ మ్మా," అన్నాడు. ఈ చివరి నుంచి ఆ చివరికి ఒకే గీత గీశాను. నా జీవితంలో నేను అంత సంతోషంగా కొట్టేసిన వాక్యం లేదు.

కాగితం పూర్తయ్యాక చదివి వినిపించాను. ఆయన సంతకం పెట్టి, కాగితం నా వైపు తిప్పి, "నువ్వూ పెట్టు," అన్నాడు.

"నేను దావాలో లేను కదా మామా."

"అది నాకు తెలుసు. సాక్షిగా పెట్టు."

పెట్టాను. అన్నేళ్లుగా ఎన్నో అర్జీలు రాశాను కానీ, ఒక కాగితం కింద నా పేరుండటం అదే మొదలు. ఒక అక్షరం వంకర పోయింది. మామ చూసి కూడా ఏమీ అనలేదు. ఆ మధ్యాహ్నం ఆయనే కాగితం పట్టుకుని కొట్టం దగ్గరికి పోయి మిలిటరీ ఆయనకు ఇచ్చాడు. ఆయన నిలబడి రెండుసార్లు చదివి, గుంత ఎంత లోతు తవ్వాలని మాత్రం అడిగాడట. మామకు ఆ ప్రశ్న నచ్చింది.

కోర్టు రాజీని ఒప్పుకుంది, బోర్డు ఆ షరతులన్నీ లైసెన్సు వెనుక రాయించింది. మే నెలాఖరుకు మిషను తిరిగింది. జూన్‌లో నేను మళ్లీ చేరాను, ఈసారి నల్లబల్ల ముందు నిద్రపోలేదు. ట్రైనింగు పాసయ్యాక కుప్పంలో పని దొరికింది. స్టేషనుకు దగ్గర్లో రెండు గదుల ఇల్లు తీసుకున్నాం. రామకుప్పం వైపు నుంచి ఆడపిల్లలు రాగుల చేలల్లో అడవిపందులు పడిన రోజు తప్ప మిగతా రోజులన్నీ బడికి వచ్చేవాళ్లు. మామ నాకు ఉత్తరాలు రాసేవాడు. ఆయన చేతిరాత మహా ఘోరం. ఇన్నాళ్లూ నా చేత ఎందుకు రాయించాడో అప్పుడు తెలిసింది.

అయితే నాకు అన్నిటికన్నా ఎక్కువగా గుర్తున్నది మిషను తిరిగిన మరుసటి తెల్లవారుజాము. ముందు రోజు మరిది గంపెడు రాగులు తీసుకుపోయి పిండి ఆడించుకొచ్చాడు. ఇసరాల్సిన పని లేదు. అయినా అలవాటు కొద్దీ మూడున్నరకే మెలకువ వచ్చింది. దీపం పెట్టుకుని వీధి గదిలోకి వచ్చి, రాయి మీద గోనె సంచి కప్పి, దానికే ఆనుకుని కూర్చుని పాత ట్రైనింగు పుస్తకం తెరిచాను. వీధిలో ఏ ఇంట్లోనూ చప్పుడు లేదు. మామ అర్జీలో రాయించిన ప్రశాంతత ఆ రోజు మొదటిసారి మా వీధికి వచ్చింది.

కాసేపటికి తిన్నె మీద ఆయన లేచి కూర్చున్న అలికిడి అయింది.

"ఏం మామా, ఒళ్లు బాగలేదా?" అన్నాను కిటికీలోంచి.

"బాగానే ఉండాది. ఏందో మ్మా, ఏదో ఆగిపోయినట్ల మెలకువొచ్చింది. మళ్లీ నిద్ర పట్టల్యా," అన్నాడు. కొంచెం ఆగి, "నువ్వేం సేస్తాండావు?" అన్నాడు.

"సదువుకుంటాండాను మామా."

"మనసులోనా?"

"అవును. మీకు ఇబ్బంది అవుతాదని."

మామ మళ్లీ పడుకున్నాడు. దుప్పటి లాక్కున్న చప్పుడు వినిపించింది. "గట్టిగా సదువు మ్మా," అన్నాడు గోడ అవతలి నుంచి. "ఇంత ప్రశాంతతలో నాకు నిద్ర రాదు."

గట్టిగా చదవడం మొదలుపెట్టాను. చిన్నపిల్లలకు కూడికలు ఎలా నేర్పాలో చెప్పే పాఠం అది. పేజీ తిప్పే లోపలే గోడ అవతల గురక మొదలైంది. నేను ఆపకుండా తెల్లారేదాకా చదివాను.